కంటి వెనుక మొలిచిన దారాలు: నా అనుభవం

చిత్తూరులో ముప్పై ఏళ్లుగా దస్తావేజులు రాస్తూ బతుకుతున్న నాకు, కాగితం మీద ఉండకూడని గీత కనపడితే ఊరుకోవడం చేతకాదు. గత ఏడాది ఆషాఢంలో ఒక ఉదయం, పూతలపట్టు దగ్గరి మామిడి తోటను అన్నదమ్ములు పంచుకునే భాగపరిష్కార పత్రం చిత్తుప్రతి సరిచూస్తుండగా, చెక్కుబందీలో తూర్పు హద్దు రాసిన వరుస మీద వెంట్రుక లాంటి నల్లని గీత ఒకటి అడ్డంగా కనపడింది. వేలితో తుడిచాను, పోలేదు. కళ్లద్దాలు తీసి పంచె కొసతో తుడిచి పెట్టుకున్నాను, అప్పటికీ పోలేదు. కాగితాన్ని పక్కకు జరిపితే గీత దానితో జరగకుండా నా చూపు ఎటు పోతే అటు వచ్చి, చూపు ఆగిన తరువాత కూడా కాస్త ఊగి ఆగింది. మధ్యాహ్నానికి అది ఒక గీతగా కాక, గ్లాసు నీళ్లలో సిరాచుక్క విడిచినట్లు ఎడమ కంట్లో పొగలా పాకింది. నొప్పి లేదు, ఎరుపు లేదు, నీరు కారడం లేదు. నొప్పి లేకపోవడం వల్లనే మరో నాలుగు రోజులు గడిపేశాను.

అంతకు ముందు ఏడాదిలోనే నేను రెండుసార్లు అద్దాలు మార్చాను. అద్దాల కొట్టులో అక్షరాల పట్టిక చదివించి, నంబరు పెరిగిందని చెప్పి కొత్తవి ఇచ్చారే తప్ప, పద్నాలుగేళ్లుగా షుగరు మాత్రలు మింగుతున్న మనిషి కంటి లోపలి భాగం ఒకసారి చూపించుకోవాలని ఎవరూ అనలేదు. వాళ్ల మీద కోపం ఇప్పటికీ పూర్తిగా పోలేదు కానీ, ఇంకొకరి ఆస్తికి పదమూడేళ్ల ఈసీ తీయించనిదే కలం పట్టని నేను, నా ఒంటి సంగతి ఒక్కసారి కూడా వెనక్కి తిరిగి చూసుకోలేదన్నది అంతకంటే పెద్ద నిజం.

తిరుపతి బైరాగిపట్టెడలో ఉంటున్న మా అమ్మాయి ఫోనులో ఈ మాట విని, "నాయనా, రేపు పొద్దున బస్సుకే రా, నీ పత్రాలు ఎక్కడికీ పోవు" అని గట్టిగా చెప్పింది. మరునాడు తొమ్మిది గంటలకల్లా తిరుపతిలో ఒక కంటి ఆసుపత్రిలో కూర్చున్నాను. అక్షరాలు చదివిస్తే కుడి కన్ను 6/6 వచ్చింది, ఎడమ కన్ను 6/12 వద్ద ఆగింది. కుడి కన్ను నిక్షేపంగా ఉందని మనసులో ధైర్యం చెప్పుకున్నాను. తరువాత రెండు కళ్లలోనూ పాప పెద్దదయ్యే చుక్కలు వేసి, అరగంట తరువాత, కంటి అడుగున చూపును పట్టే రెటీనా పొరను చూసే డాక్టరమ్మ తలకు దీపం కట్టుకుని, చేతిలో ఒక అద్దం పట్టుకుని, ఎనిమిది దిక్కులూ ఒకదాని తరువాత ఒకటి చూడమని చెబుతూ నా కంటి అడుగును వెతికారు.

"షుగరు ఎన్నేళ్ల నుంచి సార్?"

"పద్నాలుగేళ్లమ్మా."

"చుక్కలు వేసి ఇలా ఎప్పుడైనా చూశారా?"

"అద్దాలు మార్చినప్పుడు చూశారు."

"అది అద్దాల కోసం చూసింది. ఇది కంటి కోసం."

ఎడమ కంట్లో రెటీనా మీద ఉండకూడని చోట కొత్త రక్తనాళాలు మొలిచాయని, వాటిలో ఒకటి చిట్లి కంటి నడుమ ఉండే జెల్లులోకి కొద్దిగా రక్తం వచ్చిందని, నాకు కనపడిన గీత ఆ రక్తపు నీడ అని ఆమె వివరించారు. కుడి కంట్లో కూడా కంటినరం మొదలయ్యే చోట సన్నటి మెలికలు ఉన్నట్లు అనుమానంగా ఉందని, అవి మామూలు నాళాలో కొత్తవో తేలాలంటే రంగు ఎక్కించి ఫొటోలు తీయాలని అన్నారు. 6/6 చదివిన కంటి మీద అనుమానమేమిటని నాకు కొంచెం చిరాకు వేసింది.

మొదట చేసింది ఓసీటీ స్కాను. గడ్డం ఒక దిమ్మె మీద, నుదురు ఒక పట్టీకి ఆనించి, లోపల కనపడే చిన్న గుర్తును కదలకుండా చూడడమే నా పని. కంటికి ఏమీ తగలదు, రెండు నిమిషాల్లో అయిపోతుంది. కంటిలోకి పంపిన కాంతి ఏ పొర నుంచి ఎంత ఆలస్యంగా తిరిగి వస్తుందో లెక్కగట్టి, నేలను అడ్డంగా కోసి మట్టి పొరలు చూపినట్లు రెటీనా పొరలను ఇది చూపిస్తుంది. 1991లో అమెరికాలో తొలిసారి ప్రకటించిన ఈ పద్ధతి, మిల్లీమీటరులో వందో వంతు కంటే సన్నటి తేడాను కూడా పట్టగలదట. నా రెండు కళ్లలోనూ చూపుకు కేంద్రమైన చోట వాపు లేదని అందులో తేలింది. అది నా అదృష్టమని డాక్టరమ్మ అన్నారు. అయితే ఆ స్కాను చూపేది పొరల మందాన్ని. ఏ నాళంలో రక్తం పారుతోంది, ఎక్కడ కారుతోంది అన్న ప్రశ్నకు దాని దగ్గర జవాబు లేదు.

అందుకు చేసేది ఫ్లోరెసిన్ యాంజియోగ్రఫీ. దానికి ముందు రక్తపోటు, షుగరు, మూత్రపిండాల పనితీరు చెప్పే క్రియాటినిన్ చూశారు. ఎక్కించే రంగు ఒంట్లో నుంచి ఎక్కువగా మూత్రపిండాల ద్వారానే బయటికి పోతుంది. ఇంతకు ముందు ఏ మందుకైనా దద్దుర్లు వచ్చాయా, ఆయాసం ఉందా అని రెండుసార్లు అడిగారు. ఆ తరువాత సమ్మతి పత్రం ఇచ్చారు. ఎన్ని వేల మంది చేత నేను వేలిముద్రలు, సంతకాలు పెట్టించానో లెక్క లేదు. చదవకుండా పెట్టవద్దని ప్రతివాళ్లకూ చెబుతాను. కాబట్టి నేను రెండు పేజీలూ పూర్తిగా చదివాను. కొందరికి వికారం, వాంతి రావచ్చని, దద్దుర్లు రావచ్చని, అత్యంత అరుదుగా ప్రాణం మీదికి కూడా రావచ్చని అందులో ఉంది. పక్కనే ఆక్సిజన్ సిలిండరు, మందుల ట్రే ఉండటం చూసి భయం, ధైర్యం రెండూ కలిగాయి. నా వెనుక వరుసలో ఉన్న పెద్దాయన "ఏమప్పా, రిజిస్ట్రేషనా చేస్తుండావు, సంతకం పెట్టు" అని విసుక్కున్నాడు.

గది చీకటి చేశారు. సిస్టరు నా కుడి చేతి నరంలో సన్నటి సూది ఉంచి టేపు అంటించింది. మందు సీసాను దీపం వెలుగులో చూశాను. ముదురు నారింజ రంగులో, మా ఇంట్లో పెళ్లిళ్లకు కలిపే కుంకుమపువ్వు నీళ్లలా ఉంది. కెమెరా ముందు కూర్చున్న కుర్రవాడు, "సార్, ఇప్పటి నుంచి పది పదిహేను సెకన్లే మనకు ముఖ్యం, రెప్ప పెద్దగా తెరిచి పెట్టండి, తల వెనక్కి తీయవద్దు" అని చెప్పి, సిస్టరుకు సైగ చేసి, గడియారం నొక్కాడు. చేతిలో చల్లగా ఏదో పాకింది. నీలి మెరుపులు వరుసగా కంట్లో పడటం మొదలైంది. పదకొండో సెకనో పన్నెండో సెకనో, అతడు "వచ్చింది" అని తనలో తాను అనుకున్నట్లు అన్నాడు. మోచేతి మడత దగ్గర నరంలో పోసిన రంగు గుండెకు వెళ్లి, ఊపిరితిత్తుల్లోకి పోయి, మళ్లీ గుండెకు వచ్చి, మెడ మీదుగా ఎక్కి కంటి అడుగుకు చేరడానికి పట్టిన సమయం అంతేనన్న సంగతి నాకు ఆ క్షణాన తోచలేదు. తరువాత తలచుకుంటే ఒళ్లు జలదరించింది. అర నిమిషానికి కడుపులో తిప్పినట్లయింది. "నోటితో గాలి పీల్చండి, పోతుంది" అన్నాడు కుర్రవాడు. నిజంగానే పోయింది. ఎడమ కంటి వరుస అయ్యాక కెమెరాను కుడి కంటికి మార్చి తీశాడు, మళ్లీ ఐదు నిమిషాలకు, పది నిమిషాలకు రెండు కళ్లకూ తీశాడు.

ఆ ఆలస్యపు ఫొటోలు ఎందుకో నాకు తరువాత అర్థమైంది. అసలు విషయమంతా వాటిలోనే ఉంది.

ఈ రంగు మీద నీలి కాంతి పడితే అది పసుపు కలిసిన ఆకుపచ్చ కాంతిని తిరిగి ఇస్తుంది. కెమెరాలోని జల్లెడ నీలి కాంతిని అడ్డుకుని ఆ రెండో కాంతినే లోపలికి రానిస్తుంది కాబట్టి, రంగు ఉన్న చోటు తెల్లగా, లేని చోటు నల్లగా పడుతుంది. అడాల్ఫ్ ఫాన్ బాయర్ అనే జర్మన్ రసాయన శాస్త్రవేత్త ఈ రంగును 1871లో తయారు చేస్తే, దాన్ని మనిషి చేతికి ఎక్కించి కంటి నాళాలను ఫొటో తీసిన పద్ధతిని హెరాల్డ్ నోవట్నీ, డేవిడ్ ఆల్విస్ అనే ఇద్దరు అమెరికా వైద్య విద్యార్థులు 1961లో ప్రకటించారు. తొలి మనిషిగా చెయ్యి చాపింది వాళ్లలో ఒకరైన ఆల్విసే. అది కూడా కంటి వైద్య పత్రికలో కాక, గుండె, రక్తప్రసరణలకు సంబంధించిన పత్రికలో అచ్చయింది.

డాక్టరమ్మ నన్ను తెర ముందు కూర్చోబెట్టి ఫొటోలు ఒక్కొక్కటే జరిపారు. మొదటి దానిలో వెనుక పొర మబ్బులా వెలిగింది. తరువాతి దానిలో ధమనులు తెల్లని కొమ్మలుగా వచ్చాయి, ఆపైన సిరల అంచుల వెంబడి సన్నటి గీతలుగా రంగు చేరి మెల్లగా నిండింది. అక్కడక్కడా ఆవగింజల్లాంటి తెల్లని చుక్కలు; అవి షుగరు వల్ల గోడ బలహీనపడి ఉబ్బిన సన్న నాళాలట. అంతవరకూ చూస్తే నిండుగా కొమ్మలు వేసిన చింతచెట్టే. ఆమె వేలు పెట్టి, "ఇక్కడ చూడండి" అన్నప్పుడు, ఎడమ కంటిలో పై పక్కన ఒక పెద్ద కొమ్మకు ఆవల బూడిదరంగు నేల మాత్రమే కనపడింది. చిన్న కొమ్మలు అక్కడికి వచ్చి తెగిపోయాయి. ఆ బీడు అంచున, చిక్కుపడిన నూలు ఉండలా ఒక చిన్న గుత్తి.

"ఇదే కదమ్మా కొత్తగా మొలిచింది? షుగరు ఎక్కువై రక్తం ఎక్కువ పారి మొలిచిందా?" అని అడిగాను.

"కాదు సార్, తక్కువై మొలిచింది. ఈ నల్లటి భాగానికి రక్తం అందడం లేదు. అందని చోటు ఆకలి అని అరుస్తుంది. ఆ అరుపుకు ఇవి మొలిచాయి."

నాకు ఇంతకాలం తెలియక తలకిందులుగా అనుకున్నది ఇదే. రక్తనాళాలు పెరగడమంటే పుష్టి అనుకునేవాణ్ణి. ఏళ్ల తరబడి ఎక్కువగా ఉన్న షుగరు సన్న నాళాల గోడలను పాడు చేసి మూసేస్తే, ప్రాణవాయువు అందని రెటీనా ఒక రసాయన సంకేతాన్ని విడుదల చేస్తుంది. అలాంటిదేదో ఉండాలని ఐజాక్ మైకెల్సన్ అనే కంటి వైద్యుడు 1948లోనే ఊహించినా, దాని అసలు స్వరూపం దొరకడానికి నలభై ఏళ్లు పట్టింది. 1989లో, నాళాలను మొలిపించే వీఈజీఎఫ్ అనే ప్రొటీన్ జన్యువును వేరు చేయగలిగారు. ఇలా మొలిచిన నాళాలున్న షుగరు రోగుల కంటి ద్రవంలో అది హెచ్చుగా ఉంటుందని 1994లో తేలింది. ఆ సంకేతం అందుకుని మొలిచేవి ఆకలి తీర్చే నాళాలైతే బాగానే ఉండేది. కానీ అవి బీడులోకి పోకుండా రెటీనా పైకి, జెల్లు అంచు వెంబడి పాకుతాయి. గోడల్లో కణాల అతుకు గట్టిగా ఉండదు. జెల్లు కొంచెం లాగినా చిట్లుతాయి.

ఆ అతుకు గట్టిగా లేదన్న సంగతే పది నిమిషాల ఫొటోలో కనపడింది. మామూలు నాళాల్లో రంగు అప్పటికి వెలిసిపోయింది. గుత్తి మాత్రం గుత్తిలా లేదు. దూది ఉండలా ఉబ్బి, అంచులు చెరిగి, చుట్టూ తెల్లని మబ్బు కమ్మింది. రెటీనాలోని మంచి నాళం ఈ రంగును బయటికి పోనివ్వదు కాబట్టి, సమయం గడిచేకొద్దీ పెద్దదవుతున్న తెల్లటి మరక ఉంటే అది కారుతున్న నాళమే. తరువాత ఆమె కుడి కంటి ఫొటో తెరిచారు. 6/6 చదివిన కన్ను. కంటినరం మొదలయ్యే గుండ్రటి పళ్లెం మీద, మొదటి నిమిషపు ఫొటోలో నాకు ఏమీ ప్రత్యేకంగా కనపడలేదు. పది నిమిషాల ఫొటోలో దాని పై అంచున కొబ్బరి పీచంత తెల్లని మబ్బు ఉంది. నేను మాట్లాడలేకపోయాను. సర్వే నంబరు సరిగ్గానే ఉండి, లోపల హద్దు రాయి పీకేసిన పొలం చూసినట్లు అనిపించింది.

ఆ సాయంత్రం మా అమ్మాయి ఇంట్లో నా చేతులు, ముఖం పచ్చకామెర్లు వచ్చినట్లు పసుపుగా ఉన్నాయి. మూత్రం మరుసటి రోజు వరకూ కాషాయం. ముందే చెప్పారు కాబట్టి సరిపోయింది. మనవడు మాత్రం "తాతకు పసుపు పూశారు" అని వీధిలో అందరికీ చెప్పి వచ్చాడు.

చికిత్స విషయంలో డాక్టరమ్మ రెండు దారులు చెప్పారు. ఆ సంకేతాన్ని అడ్డుకునే మందును కంటిలోకే సూదితో ఇవ్వడం ఒకటి, లేజరు రెండోది. రెండేళ్ల ఫలితాలు చూస్తే మందు లేజరుకు తీసిపోలేదని 2015లో వచ్చిన ఒక పెద్ద అధ్యయనం చెప్పిందట. "అయితే మొదట్లో నెల నెలా రావాలి. మానేస్తే నాళాలు మళ్లీ మొలుస్తాయి, ఒక్కోసారి ముందుకంటే ఎక్కువగా. నిజం చెప్పండి, రాగలరా?" అని అడిగారు. శ్రావణం, మాఘం వస్తే ఊపిరి పీల్చే తీరిక ఉండని పని నాది. రాలేనని నిజమే చెప్పాను. అయితే లేజరే అన్నారు.

లేజరంటే ఆ గుత్తిని కాల్చేస్తారనుకున్నాను. అదీ తప్పే. కాల్చేది ఆకలితో అరుస్తున్న అంచు భాగాలను. అక్కడి కొంత రెటీనాను వదులుకుంటే ఆకలి తగ్గి, సంకేతం తగ్గి, మొలిచినవి ఎండుతాయి. నడుమ చూపును కాపాడడానికి పక్క చూపులో కొంత ఇచ్చుకోవడమన్నమాట. 1970లలో అమెరికాలో జరిగిన పెద్ద పరిశీలనలో, ఈ పద్ధతి వల్ల చూపు తీవ్రంగా పోయే ముప్పు సగానికి పైగా తగ్గిందని తేలింది. ఒక్కో కంటికి మూడు విడతలు చేశారు. కన్ను మొద్దుబారే చుక్కలు వేసి, జిగురు పూసిన అద్దాన్ని కంటికి ఆనించి, ఆకుపచ్చ మెరుపులు వందల కొద్దీ కొట్టారు. మొదటి విడత చీమ కుట్టినట్లుంది. మూడో విడతలో కంటి వెనుక నుంచి కణతకు పోటు వచ్చి, చాలు అని చెప్పబోయి ఆగాను. అప్పటి నుంచి చీకటి పడ్డాక బండి నడపడం మానేశాను. వెలుతురులో నుంచి చీకట్లోకి వస్తే కన్ను కుదురుకోవడానికి ఇప్పుడు ఎక్కువసేపు పడుతోంది.

నాలుగో నెలలో వెళ్లినప్పుడు రంగు ఎక్కించలేదు. ఓసీటీ యాంజియోగ్రఫీ అనే మరో స్కాను చేశారు. సూది లేదు, వికారం లేదు. మొదటే ఇది చేసి ఉంటే పోయేది కదా అని అడిగాను. ఒకే చోటును కొన్ని మిల్లీసెకన్ల తేడాతో మళ్లీ మళ్లీ స్కాను చేసి, ఏది మారిందో చూడడం దీని పద్ధతి అని కెమెరా కుర్రవాడు చెప్పాడు. అది నాకు వెంటనే పట్టుబడింది. ఒకే దస్తావేజు నకళ్లు రెండు పక్కపక్కన పెట్టుకుని, కలిసిన అక్షరాలు వదిలేసి తేడా వచ్చిన అక్షరాల కింద గీత గీస్తూ పోవడం నా రోజువారీ పని. కంటిలో కదలనివి రెండు స్కానుల్లోనూ ఒకేలా ఉంటాయి. కదిలేది రక్తం మాత్రమే కాబట్టి తేడా వచ్చిన చోటల్లా నాళం. నాళాల అల్లిక ఇందులో రంగు ఫొటోలో కంటే స్పష్టంగా, పొర వారీగా విడివిడిగా కనపడింది. కానీ నాళంలో నుంచి బయటికి ఊరిన ద్రవంలో కదలిక లేదు కాబట్టి ఆ దూది మబ్బు ఇందులో రానే రాదు. పైగా ఇది ఒకసారికి చూపే మేర చిన్నది. నా ఎడమ కంటి బీడు నడుమకు దూరంగా ఉంది. నేను ఒకసారి రెప్ప వేసినందుకు బొమ్మ మీద అడ్డంగా నల్లని చార ఒకటి పడింది కూడా.

పాత ప్రింటును నేను నా దస్తావేజుల అట్టలోనే పెట్టుకుని వెళ్లాను. డాక్టరమ్మ దాన్ని తెర పక్కన పట్టుకుని కుడి కంటి పళ్లెం పై అంచును చూపించారు. మునుపు మబ్బు కమ్మిన చోట ఇప్పుడు మెలికలు లేవు. ఎడమ కంటి గుత్తి ఉన్న చోట రక్తం పారని బూడిదరంగు నారపోగు ఒకటి మిగిలింది. అది అలాగే ఉంటుందని, అయితే అది ముడుచుకుని రెటీనాను లాగకుండా చూస్తుండాలని అన్నారు. ప్రింటు వెనుక తేదీ వేసి, కింద మళ్లీ రావలసిన తేదీ కూడా వేసి ఇచ్చారు. పుష్యంలో పడింది ఆ తేదీ. రిజిస్ట్రేషన్లు పెద్దగా ఉండని నెల.